పూరీలో మూడు చుక్కల నీళ్లు

మొన్న ఆదివారం పొద్దున పూరీలు చేస్తుంటే మా అక్క కూతురు వచ్చి వంటింటి గట్టు మీద కూర్చుంది. ఇంటర్ మొదటి సంవత్సరం చదువుతోంది. ముందురోజంతా వాయు నియమాల లెక్కలు చేసి చేసి విసిగిపోయి ఉంది. సిలిండరు, పిస్టను, లోపల ఇన్ని మోల్‌ల నైట్రోజన్ (మోల్ అంటే అణువులు ఎన్నో చెప్పే కొలత). వాటిలో ఒక్కటీ అది కళ్లతో చూసింది కాదు. మూకుట్లో పూరీ ఉబ్బి నూనె మీదికి తేలగానే, "పిన్నీ, దీన్లోకి గాలి ఎక్కణ్ణుంచి వచ్చింది?" అంది. నేను నోరు తెరిచేలోగా జవాబూ తనే చెప్పేసింది. "పిండిలో ఉన్న గాలే వేడెక్కి వ్యాకోచించి ఉంటుంది. చార్లెస్ నియమం కదా!"

ఇరవై ఏళ్లు హైస్కూల్లో సైన్సు చెప్పాను. పూరీ గురించి అడిగినప్పుడల్లా పిల్లలు ఎక్కువగా చెప్పింది ఈ జవాబే. వినడానికి సబబుగానే ఉంటుంది. కానీ లెక్క కడితే నిలబడదు.

పొయ్యి సిమ్‌లో పెట్టి, "సరే, కాగితం తీసుకురా" అన్నాను.

గదిలో వేడి 30 డిగ్రీలు, 273 కలిపి కెల్విన్లలో చెబితే 303. పిండిలో తడి ఉన్నంతసేపూ లోపలి వేడి 100 డిగ్రీల దగ్గరే ఆగిపోతుంది, అంటే 373. పీడనం మారకపోతే, కెల్విన్లలో వేడి ఎన్ని రెట్లయితే గాలి ఘనపరిమాణమూ అన్ని రెట్లవుతుందంటుంది చార్లెస్ నియమం. మరి ఇక్కడ గాలి ఎన్ని రెట్లు పెరగాలి? 373ని 303తో భాగిస్తే 1.23. నాలుగు పాళ్ల గాలి మహా అయితే అయిదు పాళ్లవుతుంది. "నూనె అంతకంటే వేడిగా ఉంటుంది కదా పిన్నీ?" అంది. ఉంటుంది, 180 డిగ్రీలని వేసుకుందాం. 453ని 303తో భాగిస్తే 1.5. ఒకటిన్నర రెట్లు, అంతే.

ఇప్పుడు పూరీని కొలవాలి. చిల్లుల గరిటెతో తీసి పళ్లెంలో పెట్టగానే జామెట్రీ బాక్సులోంచి స్కేలు తెచ్చి పక్కన నిలబెట్టింది. అడ్డం 10 సెం.మీ., ఎత్తు 5 సెం.మీ. పైనుంచీ కిందనుంచీ నొక్కిన బంతిలా ఉంది. గోళం సూత్రంలోనే వ్యాసార్ధాలు మార్చి వేస్తే సరి: 4/3 ఇంటూ పై ఇంటూ 5 ఇంటూ 5 ఇంటూ 2.5, దాదాపు 260 మి.లీ. వంటింటి త్రాసు మీద ఒక్కో పిండి ఉండ 25 గ్రాములు తూగింది. అది ఆక్రమించే చోటు 20 మి.లీ. వరకూ ఉంటుంది. అది తీసేస్తే పూరీ కడుపులో ఖాళీ 240 మి.లీ. ఇదంతా వేడెక్కిన గాలే అయితే, చల్లగా ఉన్నప్పుడు ఆ గాలి 195 మి.లీ. ఉండి ఉండాలి. 20 మి.లీ. ఉండలో 195 మి.లీ. గాలి ఎలా ఇముడుతుంది? కాగితం మీద ఆ రెండు అంకెలూ పక్కపక్కన చూసి పిల్ల కాసేపు మాట్లాడలేదు.

లోపల ఉన్నది ఆవిరి. ఇక్కడి నుంచే నాకు హుషారు. ఆదర్శ వాయు సమీకరణం, పీవీ = ఎన్‌ఆర్‌టీ, తీసుకోండి. పీడనం (పీ) 1 అట్మాస్ఫియరు, అంటే మన చుట్టూ ఉన్న గాలి ఒత్తిడి; ఘనపరిమాణం (వీ) 0.24 లీటర్లు, ఆర్ అనే స్థిరాంకం 0.0821, ఉష్ణోగ్రత (టీ) 373. తేలాల్సింది ఎన్, అంటే మోల్‌ల సంఖ్య. ఆర్, టీ రెండూ గుణిస్తే 30.6. 0.24ని దాంతో భాగిస్తే 0.0078 మోల్. ఒక మోల్ నీరు 18 గ్రాములు కాబట్టి, 0.14 గ్రాములు.

0.14 గ్రాములంటే ఎంత? చుక్కల మందు సీసాలోంచి పడే ఒక్కో చుక్క సుమారు 0.05 గ్రాములు ఉంటుంది. అంటే మూడు చుక్కలకు కూడా తక్కువే. రెండు చిన్న టీ గ్లాసులు నింపేంత ఖాళీని మూడు చుక్కల నీళ్లు నింపేశాయి! ఒక గ్రాము నీరు మరిగి ఆవిరైతే దాదాపు 1.7 లీటర్లవుతుంది, 1,700 రెట్లు. ఒకటింపావు రెట్లెక్కడ, 1,700 రెట్లెక్కడ!

పిండిలో నీళ్లకు కొదవ లేదు. 100 గ్రాముల పిండికి 50 గ్రాముల నీళ్లు పోసి కలిపాను. ఆ లెక్కన 25 గ్రాముల ఉండలో 8 గ్రాముల పైచిలుకు నీళ్లున్నాయి. అరవై చుక్కల్లో ఒక్క చుక్క ఆవిరై లోపల చిక్కుకుంటే పూరీ పొంగిపోతుంది. మరి అన్ని నీళ్లుండి కూడా కొన్ని పూరీలు అప్పడంలా ఎందుకుండిపోతాయి? ఆవిరి పుట్టక కాదు, నిలవక.

బాగా కాగిన నూనెలో పూరీ పడగానే కింది పొరలో గంజి పదార్థం ఉడికి, మాంసకృత్తులు గట్టిపడి, సన్నని చర్మంలాంటిది కడుతుంది. మధ్యలో పిండి ఇంకా మెత్తగానే ఉంటుంది. అక్కడ పుట్టిన ఆవిరి, బయటికి దారి దొరక్క ఆ మెత్తని చోటునే రెండుగా చీల్చుకుంటుంది. గరిటెతో పూరీని నూనెలోకి అదమడం, పైన వేడి నూనె చిమ్మడం పైపొరకూ ఆ చర్మం త్వరగా కట్టడానికే. నూనె కాగకపోతే చర్మం కట్టేలోపే ఆవిరి సన్న బుడగలుగా జారిపోతుంది, పూరీ నూనె పీల్చుకుంటుంది. ఒకచోట మందంగా, ఒకచోట పల్చగా వత్తితే పల్చటి చోట చిల్లు పడుతుంది. పొడిపిండి చల్లి వత్తితే ఆ పిండి రాలి నూనెలో మాడుతుంది, అందుకని పీటకు నూనె రాసి వత్తుకోవడం మేలు. నా కొలత అడిగేవాళ్ల కోసం: రెండు కప్పుల గోధుమపిండి, ఒక చెంచా బొంబాయి రవ్వ, చెంచా నూనె, తగినంత ఉప్పు, చపాతీ పిండికంటే గట్టిగా కలపాలి, పావుగంట మించి నాననివ్వకూడదు.

గోధుమలో గ్లూటెన్ అనే సాగే మాంసకృత్తి ఉండబట్టే పొంగుతుందంటారు. అది సాయం చేస్తుంది, నిజమే. కానీ జొన్నపిండిలో గ్లూటెన్ లేదు, జొన్నరొట్టె మాత్రం పెనం మీద చక్కగా ఉబ్బుతుంది. మరిగే నీళ్లు పోసి కలిపేసరికి జొన్నలోని గంజి పదార్థం ఉడికి జిగురు వస్తుంది. పెనం మీద వేశాక పైన తడిగుడ్డతో అద్దుతారు, పగుళ్లు రాకుండా. ఆవిరికి కావలసిందల్లా చిల్లులేని ఒక పొర.

ఆ పొరను లేపడానికి ఎంత బలం కావాలో కూడా చూశాం. పూరీ పైభాగం బరువు పన్నెండున్నర గ్రాములు. దాని వైశాల్యం 78 చదరపు సెం.మీ. ఒక్కో చదరపు సెం.మీ. మీద 0.16 గ్రాముల బరువు. మన నెత్తిమీది వాతావరణం అదే చదరపు సెం.మీ. మీద 1,033 గ్రాముల బరువుతో నొక్కుతోంది. పొర బిగువు కూడా కలిపినా అదనంగా కావలసిన పీడనం లెక్కలోకి రానంత కొంచెం. అందుకే పై లెక్కలో పీడనం 1 అని ధైర్యంగా వేసుకున్నాను. పూరీ మెత్తనిది, ఆవిరి తోసినకొద్దీ జరిగి చోటిస్తుంది, కాబట్టి పీడనం పెరగదు, ఘనపరిమాణం పెరుగుతుంది.

పక్క పొయ్యి మీద ఆలుగడ్డల కుక్కరు ఉంది. అందులో కథ తిరగబడుతుంది. గోడలు జరగవు, కాబట్టి పీడనం పెరగాలి. ఇక్కడా పిల్లలు ఒక పొరపాటు చేస్తారు. లోపలి గాలి 30 నుంచి 120 డిగ్రీలకు వేడెక్కింది, 393ని 303తో భాగిస్తే 1.3, కాబట్టి పీడనం 1.3 రెట్లు అంటారు. ఆ లెక్క లోపల వాయువు ఎంత ఉందో అంతే ఉన్నప్పుడు చెల్లుతుంది. కుక్కర్లో అడుగున నీళ్లున్నాయి, నిమిషనిమిషానికీ కొత్త ఆవిరి చేరుతూ ఉంటుంది. 'ఎన్' మారిపోతోంది. 120 డిగ్రీల దగ్గర నీటి ఆవిరి పీడనం ఒక్కటే దాదాపు 2 అట్మాస్ఫియర్లు. బయటి పీడనం పోగా మిగిలేది చదరపు సెం.మీ.కి ఒక కిలో. విజిల్ కింద రంధ్రం అడ్డం 3 మి.మీ. అనుకోండి, వైశాల్యం 0.07 చదరపు సెం.మీ. దాన్ని మూసి ఉంచాలంటే 70 గ్రాముల బరువు చాలు. కుక్కరు చల్లగా ఉన్నప్పుడు ఆ విజిల్‌ను అరచేతిలో పెట్టుకుని చూడండి. అంత చిన్న బరువే లోపలి పీడనానికి హద్దు గీస్తోంది. మూత బిగించిన పాత్రలో ఎముకలు ఉడికించి, అది పేలకుండా బరువుతో అదిమి ఉంచే కవాటాన్ని వాడినవాడు ఫ్రెంచి శాస్త్రవేత్త డెనిస్ పాపెన్, 1679లో.

గోడ జరగకా, విజిలూ లేకా పోతే ఏమవుతుంది? పేలుతుంది. తొలి ఏకాదశికి పేలపిండి కోసం జొన్నలు వేయిస్తాం కదా, గింజ పైపొట్టే అక్కడ గోడ. మొక్కజొన్న పేలాల మీద కొలతలు బాగా తెలుసు. గింజలో తేమ 14 శాతం దగ్గర ఉండాలి, సుమారు 180 డిగ్రీల దగ్గర పేలుతుంది. ఆ వేడిలో నీటి ఆవిరి పీడనం దాదాపు 10 అట్మాస్ఫియర్లు, కారు టైర్లో నింపే గాలి ఒత్తిడికి నాలుగు రెట్లు. పొట్టు తట్టుకోలేక విడిపోగానే, లోపల మెత్తబడి ఉన్న గంజి పదార్థం నురగలా ఉబ్బి అలాగే గట్టిపడిపోతుంది. పాతబడి ఎండిపోయిన గింజలూ పొట్టు బీట వేసిన గింజలూ మూకుడు అడుగున అలాగే మిగిలిపోతాయి.

మా అమ్మ దిష్టి తీసి రాళ్ల ఉప్పు, ఎండుమిరపకాయలు పొయ్యిలో వేసేది. ఉప్పు టపటపమని పేలితే "ఎంత దిష్టో చూడు!" అనేది. ఆమె ప్రేమ మీద నాకే సందేహమూ లేదు. కానీ ఆ చప్పుడు చేసేదీ ఆవిరే. నౌపడలోనో చినగంజాంలోనో ఉప్పు మడుల్లో నీరు ఎండి ఉప్పు గడ్డకట్టేటప్పుడు, ఆ పలుకుల మధ్య కంటికి కనపడని ఉప్పునీటి బిందువులు చిక్కుకుపోతాయి. నిప్పు మీద పడగానే అవి ఆవిరై పలుకును బద్దలు కొడతాయి. నేను క్లాసులో ఎవరికీ దిష్టి తీయని ఉప్పును పెనం మీద వేసి దూరంగా నిలబడి చూపించేదాన్ని, అదీ అలాగే పేలేది. ప్యాకెట్లో వచ్చే సన్న ఉప్పుకు అంత చప్పుడు లేదు. ఆ ఒక్క ప్రయోగం తర్వాత కొందరు పిల్లలు ఇంట్లో అమ్మమ్మలకు కూడా చూపించి వచ్చారు. పిస్టన్ బొమ్మ గీసి నేను గంటసేపు చెప్పినదానికి అంత ఫలితం ఎప్పుడూ రాలేదు.

ఈ ఆవిరి దెబ్బ కుమ్మరికి బాగా తెలుసు. పచ్చికుండను నీడన ఆరబెట్టి, తర్వాత ఎండబెట్టి గానీ ఆవంలో పేర్చరు. పేర్చాక కూడా మొదట సన్నని సెగే పెడతారు. మట్టి సందుల్లోంచి తడి నెమ్మదిగా బయటికి పోవాలి. తొందరపడి మంట పెంచితే లోపలి తడి ఒక్కసారిగా ఆవిరై, బయటపడే దారి చాలక కుండను పగలగొడుతుంది. మోల్‌ల పేరు వినని చేతులు తరతరాలుగా ఆ లెక్క తప్పకుండా చేస్తున్నాయి.

మాటల్లో పడి పూరీ సంగతి మరిచిపోయాం. చూస్తే నడుం విరిగి కూర్చుంది. లోపలి ఆవిరి చల్లారి మళ్లీ నీరై గోడలకు పట్టుకుంది. 1,700 వంతులది ఒక వంతుకు వస్తే, మెత్తని గోడను బయటి గాలి లోపలికి నొక్కేస్తుంది.

గోడ మెత్తనిది కాకపోతే ఏమవుతుందో మర్నాడే తెలిసింది. వేడివేడి అన్నం సర్ది స్టీల్ డబ్బా మూత గట్టిగా బిగించి పిల్ల చేతికిచ్చి పంపాను. మధ్యాహ్నం ఎంత లాగినా రాలేదని, ఆకలితో సాయంత్రం అలాగే తెచ్చింది. వంటింట్లోకి వస్తూనే స్కేలు అడిగింది. మూత అడ్డం 12 సెం.మీ., వైశాల్యం 113 చదరపు సెం.మీ. మూత పెట్టేటప్పుడు లోపల 60 డిగ్రీలుందనుకుంటే, అక్కడి పీడనంలో అయిదో వంతు ఆవిరిదే. చల్లారి 30 డిగ్రీలకు వస్తే ఆవిరి భాగం 0.04కి పడిపోతుంది, మిగిలిన గాలి కుంచించుకుని 0.73 అవుతుంది. రెండూ కలిపి 0.77. బయటి గాలిది 1. తేడా 0.23 అట్మాస్ఫియరు, మూత అంతటి మీదా కలిపితే 26 కిలోలు దాటింది. బియ్యం బస్తా ఒకటి ఆ మూత మీద పెట్టినట్టే.

మూత అంచు చుట్టూ వేడినీళ్లు పోసి అర నిమిషం ఆగాం. సన్నగా గాలి పీల్చుకున్న చప్పుడై మూత ఊడి వచ్చింది. లోపల ఖాళీ 200 మి.లీ. ఉంటుందని వేసుకుని, చల్లారక ముందు అక్కడున్న ఆవిరినంతా నీటిగా మారిస్తే ఎంతవుతుందో అది నిలబడే లెక్క కట్టింది. 0.026 గ్రాములు, అంటే అర చుక్క.