పాత ఫైబర్ సెయిల్‌బోట్లు: అపోహలు - వాస్తవాలు

మొన్న న్యూజెర్సీ నుంచి మనవాడొకడు ఫోన్ చేశాడు. "అన్నా, 1962 నాటి ట్రైటన్ ఒకటి చవగ్గా వస్తోంది. అరవై ఏళ్ళు దాటిన పడవ కదా, కొనొచ్చంటారా?" అని. నేను రోడ్ ఐలండ్ తీరంలో ఒక బోటు యార్డులో ఫైబర్‌గ్లాస్ మరమ్మతులు చేస్తుంటాను. కాకినాడ దగ్గర తెప్పల స్థానంలో ఫైబర్ బోట్లు వచ్చాక, పగిలినచోట గాజునూలు మ్యాట్ పరిచి, గట్టిపడే జిగురులాంటి రెసిన్ పూయడం చూస్తూ పెరిగినవాణ్ణి. ట్రైటన్, ఆ తర్వాత వచ్చిన జె/24, రెండూ మా చుట్టుపక్కల పుట్టినవే. రేసుకూ పనికొస్తాయి, ఇంటిల్లిపాదీ ఎక్కి నాలుగు రోజులు తిరిగి రావడానికీ పనికొస్తాయి. వాటి గురించి యార్డులో తరచూ వినే మాటలకు నా జవాబులు ఇవి.

అపోహ: ప్రపంచంలో మొదటి ఫైబర్‌గ్లాస్ సెయిల్‌బోటు ట్రైటనే.

కాదు. ఒహాయోలో రే గ్రీన్ 1942లోనే ఒక చిన్న పడవ చేశాడు. సిడ్నీ హెరెషాఫ్ డిజైన్ చేసిన 42 అడుగుల ఏరియన్ 1951లో ఇక్కడే, వారెన్‌లో తయారైంది. ట్రైటన్ గొప్పదనం వేరు. క్లింటన్, ఎవరెట్ పియర్సన్ అనే ఇద్దరు కజిన్స్ గ్యారేజీలో బుల్లి పడవలు చేసుకుంటూ ఉండేవాళ్ళు. స్వీడన్‌లో పుట్టిన కార్ల్ ఆల్బర్గ్ వాళ్ళకు 28 అడుగుల 6 అంగుళాల పడవ గీసిచ్చాడు. నలుగురు పడుకోవచ్చు, ధర పది వేల డాలర్ల లోపే. 1959 జనవరిలో న్యూయార్క్ బోట్ షోలో పెడితే అక్కడికక్కడే 17 ఆర్డర్లు వచ్చాయి. చివరికి 700కు పైగా తయారయ్యాయి. ఫైబర్ పడవను వరసపెట్టి చేసి, మామూలు కుటుంబాలకు అమ్మొచ్చని చూపించింది ఇదే.

అపోహ: ఫైబర్ బలం ఎంతో తెలియక, భయంతో మందంగా పోసేశారు.

ఈ మాట విన్నప్పుడల్లా నాకు బాధగా ఉంటుంది, ఆ పనివాళ్ళకు ఏమీ తెలియదన్నట్టు ఉంటుంది కాబట్టి. గాజు, పాలియెస్టర్ కలిసిన పొర తెగదు గానీ వంగుతుంది. ఒకే గట్టి పొరగా పోసిన హల్, అంటే పడవ ఒళ్ళు, అలల దెబ్బకు లోపలికి నొక్కుకోకుండా ఉండాలంటే మందం కావాల్సిందే. పైగా 1973 చమురు సంక్షోభానికి ముందు రెసిన్ చవక. అమెరికా కోస్ట్ గార్డ్ 1950ల మొదట్లో చేయించిన 40 అడుగుల ఫైబర్ గస్తీ బోట్ల నుంచి ఏళ్ళ తర్వాత ముక్కలు కోసి పరీక్షిస్తే, బలం పెద్దగా తగ్గలేదని తేలింది. అందుకే వయసు ఎంతని నేను ముందు అడగను.

అపోహ: పడవ ఎంత పొడవుంటే అంత వేగం.

మొత్తం పొడవు కాదు, నీటిని తాకే పొడవు చూడాలి. దాన్ని అడుగుల్లో తీసుకుని వర్గమూలం కట్టి 1.34తో గుణిస్తే, పడవ నీటిని చీల్చుకుంటూ వెళ్ళగల గరిష్ఠ వేగం సుమారుగా నాట్స్‌లో (గంటకు నాటికల్ మైళ్ళలో) వస్తుంది. ట్రైటన్‌కు నీటిని తాకే పొడవు 20 అడుగుల 6 అంగుళాలు, జె/24కు 20 అడుగులు. అంటే లెక్క ప్రకారం రెండిటికీ ఆరు నాట్సే!

మరి ట్రైటన్ ముందూ వెనకా నీటిపైన అంత సాగి ఎందుకుంది? అప్పటి రేసు నిబంధనల వల్ల. నిశ్చలంగా ఉన్నప్పుడు నీటిని తాకే పొడవు తక్కువైతే కొలతలో లాభం. గాలికి పడవ ఒరిగినప్పుడు ఆ సాగిన భాగాలు కూడా నీళ్ళలో దిగి పొడవు పెరుగుతుంది. ఆల్బర్గ్ గీతల్లో ఆ తెలివి కనిపిస్తుంది. జె/24 దారి వేరు. బరువు దాదాపు 1,400 కిలోలే, ట్రైటన్‌లో సగం కన్నా తక్కువ. వెనక అడుగు చదునుగా ఉంటుంది. వెనకగాలి బలంగా తగిలితే అల మీదికి ఎక్కి ఆ ఆరు నాట్స్ దాటేస్తుంది.

అపోహ: జె/24 పెద్ద డిజైన్ ఆఫీసులో పుట్టింది.

రాడ్ జాన్‌స్టోన్ బోటింగ్ పత్రికకు ప్రకటనలు అమ్మే ఉద్యోగంలో ఉంటూ, కనెక్టికట్‌లోని స్టోనింగ్టన్‌లో సొంత గ్యారేజీలో మొదటి పడవ 'రాగ్‌టైమ్' కట్టుకున్నాడు. 1977లో అమ్మకాలు మొదలయ్యాయి, ఇప్పటికి 5,000కు పైగా తయారయ్యాయి. వాటిని మొదట తయారుచేసిన కంపెనీ టిలట్సన్-పియర్సన్. ఆ పియర్సన్ మరెవరో కాదు, ట్రైటన్ ఎవరెట్ పియర్సనే.

అపోహ: తేలిక పడవ ప్రమాదం, బరువైనది క్షేమం.

ట్రైటన్ బరువులో మూడో వంతుకు పైగా కీల్‌లో, అంటే పడవ అడుగున రెక్కలా ఉండే భాగంలో, ఉండే సీసమే. జె/24కు అది ముప్పై శాతం. మిగతా నిలకడ పడవ వెడల్పు నుంచీ, అంచున కూర్చునే మనుషుల బరువు నుంచీ వస్తుంది. జె/24లో గాలి రోజున క్యాబిన్ తలుపు తెరిచి ఉంచితే, పడవ పక్కకు పడినప్పుడు లోపలికి నీళ్ళు వస్తాయి. తలుపు, లాకర్ మూతలు బిగించుకుంటే నాకు దాని మీద నమ్మకమే. రాత్రిపూట ఒంటరిగా దూరం వెళ్ళాలంటే మాత్రం ట్రైటనే ఎంచుకుంటాను. జేమ్స్ బాల్డ్విన్ తన ట్రైటన్ 'ఆటమ్'లో రెండుసార్లు భూమి చుట్టి వచ్చాడు.

అపోహ: ఫైబర్ కుళ్ళదు.

అన్నిటికన్నా ఎక్కువ డబ్బు పోగొట్టే మాట ఇది. ఫైబర్ కుళ్ళదు, నిజమే. దాని మధ్యలో ఉన్న కర్ర కుళ్ళుతుంది. తేలికగా, గట్టిగా ఉండాలని రెండు పల్చటి ఫైబర్ పొరల మధ్య బాల్సా కర్ర పెడతారు. జె/24లో డెక్‌కూ (మనం నడిచే పై భాగానికీ), హల్‌కూ ఇదే పద్ధతి. చాలా ట్రైటన్‌ల డెక్ కూడా అంతే.

పోయిన వసంతంలో ఒక జె/24 వచ్చింది. రెయిలింగ్ కడ్డీ ఒకటి కాస్త ఊగుతోందంతే. చుట్టూ చిన్న సుత్తితో కొడుతూ వెళ్ళాను. టక్ టక్ అన్న శబ్దం కడ్డీ దగ్గరికి రాగానే డబ్ డబ్ అని మారింది. బోల్టులు తీస్తే టీ డికాషన్ రంగు నీళ్ళు కారాయి. పై పొర కోసి చూస్తే బాల్సా నానిన అటుకుల్లా వేళ్ళకు అంటుకుంది. అరచేయంత అనుకున్నది రెండు చాపలంత తేలింది. ఓనర్‌కు ఒకటే టెన్షన్. ఎప్పుడో ఎవరో బాల్సాలోంచి నేరుగా రంధ్రం వేసి, సీలెంట్ పూసి బోల్టు బిగించారు. సీలెంట్ కొన్నేళ్ళకు విడిచిపోతుంది. చేయాల్సిందేమిటంటే, రంధ్రం పెద్దది వేసి, చుట్టూ బాల్సా గీకేసి, చిక్కటి ఎపాక్సీ (రాయిలా గట్టిపడే జిగురు) నింపి, అది గట్టిపడ్డాక దానిలోంచి బోల్టుకు సరిపడా రంధ్రం వేయాలి. ఒక్క పూట పని. ఆ పూట మిగుల్చుకున్నందుకు మూడు వారాల పని పడింది.

ఇక హల్ మీద బొబ్బలు కనిపించగానే పడవ అయిపోయిందని బెంబేలెత్తుతారు. చాలావరకు అవి పై పొరకే పరిమితం. గీకి, బాగా ఆరబెట్టి, ఎపాక్సీ వేస్తే సరిపోతుంది.

న్యూజెర్సీ తమ్ముడికి చెప్పింది కూడా అదే. "చిన్న సుత్తి పట్టుకెళ్ళు. డెక్ మీద ప్రతి బోల్టు చుట్టూ కొట్టి విను. తెరచాప కొయ్య దగ్గర ఇంకా జాగ్రత్త, ట్రైటన్‌లో ఆ కొయ్య డెక్ మీదే నిలబడుతుంది, కింద మోసేది అడ్డదూలం" అన్నాను. నిన్న రాత్రి వాట్సాప్‌లో ఆడియో పంపాడు. ముందు భాగమంతా టక్ టక్. కొయ్య మొదట్లో డబ్ డబ్. కొనొద్దని అనలేదు. శనివారం తేమ కొలిచే మాయిశ్చర్ మీటర్ తీసుకుని నేనే వస్తున్నానని చెప్పాను.