కూహులిన్ ఎవరివాడు?

డబ్లిన్ జనరల్ పోస్టాఫీసులో ఒక కంచు విగ్రహం ఉంది. నిలువురాతికి తనను తాను కట్టేసుకున్న యువకుడు. తల వాలిపోయింది, భుజం మీద కాకి వాలింది. బ్రిటిష్ పాలన మీద 1916లో లేచిన ఈస్టర్ తిరుగుబాటులో చనిపోయినవాళ్ల గుర్తుగా పెట్టిన విగ్రహం అది. అక్కడి నుంచి రైలెక్కితే రెండు గంటల్లో బెల్‌ఫాస్ట్. తూర్పు బెల్‌ఫాస్ట్‌లోని న్యూటౌనార్డ్స్ రోడ్డులో 1990ల తొలి ఏళ్లలో ఒక గోడ మీద ఇదే బొమ్మ వేశారు. అదే రాయి, అదే వాలిన తల. పక్కన రాసిన మాటలే వేరు: రెండు వేల ఏళ్ల కిందట ఐరిష్ దాడుల నుంచి అల్‌స్టర్‌ను, అంటే ఐర్లాండ్ ఉత్తర ప్రాంతాన్ని, కాపాడిన వీరుడట! ఐర్లాండ్‌లో కలిసేది లేదని తుపాకి పట్టిన అల్‌స్టర్ డిఫెన్స్ అసోసియేషన్‌కు గట్టి పట్టున్న పేట అది.

బ్రిటన్‌ను వెళ్లగొట్టాలని ప్రాణాలిచ్చినవాళ్లకూ, బ్రిటన్‌తోనే ఉంటామని చంపడానికి సిద్ధపడినవాళ్లకూ ఒకడే వీరుడు. పేరు కూహులిన్.

అతని కథ మన భాషలో చెప్పాలంటే గోగ్రహణమే. ఆ కథ పేరు 'టాయిన్', అంటే పశువులను తోలుకుపోవడం. ఐర్లాండ్ పడమటి ప్రాంతమైన కన్నాట్ రాణి మేవ్, ఆమె భర్త ఐలిల్ ఒక రాత్రి పడకమీద ఎవరి ఆస్తి ఎక్కువో లెక్క వేసుకుంటారు. (ఢిల్లీ కన్నాట్ ప్లేస్ పేరుకు మూలం ఆ ప్రాంతమే. బ్రిటిష్ రాకుమారుడి బిరుదు ద్వారా మన దాకా వచ్చింది.) నగలు, గొర్రెలు, గుర్రాలు అన్నీ సరిసమానం. ఐలిల్ మందలో ఒక తెల్లకొమ్ముల ఆబోతు మాత్రం ఎక్కువ. దానికి దీటైనది అల్‌స్టర్ కూలీ ప్రాంతంలోని గోధుమరంగు ఆబోతు ఒక్కటే. దాన్ని పట్టుకురావడానికి మేవ్ సైన్యాన్ని కదిలిస్తుంది.

అల్‌స్టర్ వీరులు ఎదురు నిలవలేరు, వాళ్లకు శాపం ఉంది. నిండుచూలాలైన మాఖా అనే స్త్రీని రాజు తన గుర్రాలతో పరుగు పందెం పెట్టాడు. ప్రసవమయ్యేదాకా ఆగమని ఆమె వేడుకున్నా ఎవరూ వినలేదు. గెలిచింది, పందెం ముగిసిన చోటే కవలలను కన్నది, అల్‌స్టర్ మగవాళ్లందరికీ ఆపద వేళ పురిటినొప్పులు రావాలని శపించింది. అలా రాజ్యమంతా మంచాన పడితే, శాపం సోకని పదిహేడేళ్ల కూహులిన్ ఒక్కడే రేవుల దగ్గర నిలబడి, రోజుకొకడితో పోరాడుతూ సైన్యాన్ని ఆపుతాడు. తనతో కలిసి విద్య నేర్చిన ప్రాణమిత్రుడు ఫెర్‌డియాను కూడా నాలుగో రోజున చంపుకుంటాడు. ఇంత రక్తం పారాక చివర్లో ఆ రెండు ఆబోతులూ తలపడతాయి, గోధుమరంగుది తెల్లకొమ్ములదాన్ని చంపి, తర్వాత తానూ చస్తుంది. ఇది దేశభక్తి కథ అని చెప్పేవాళ్లు ఆ ముగింపును ఎలా మింగుతారో నాకు అర్థం కాదు.

రాసినవాళ్లు క్రైస్తవ సన్యాసులు. మనకు దక్కిన అతి పాత ప్రతి సుమారు 1100 నాటిది. పన్నెండో శతాబ్దపు మరో ప్రతి చివర్లో రెండు మాటలున్నాయి. ఐరిష్‌లో, ఈ కథను ఉన్నదున్నట్టు గుర్తుంచుకున్నవారికి దీవెన. వెంటనే లాటిన్‌లో, ఇందులో కొన్ని దెయ్యాల మాయలు, కొన్ని కవుల కల్పనలు, కొన్ని మూర్ఖుల వినోదం కోసం అల్లినవి, నేను మాత్రం నమ్మను అని. ఎనిమిది వందల ఏళ్ల కిందటి లేఖకుడికి ఉన్న అనుమానం తర్వాతివాళ్లకు లేకపోయింది.

అసలు మలుపు పంతొమ్మిదో శతాబ్దంలో వచ్చింది. 1878లో స్టాండిష్ ఓ'గ్రేడీ అనే ప్రొటెస్టెంట్ పెద్దమనిషి ఈ వీరగాథలను ఐర్లాండ్ చరిత్రగా ఇంగ్లిష్‌లో రాశాడు. ఆయన బ్రిటన్‌తో బంధం తెగకూడదనే యూనియనిస్టు. భూస్వాముల వర్గానికి పాత వీరుల పౌరుషం రావాలన్నది ఆయన ఆశ. ఆ వర్గం పట్టించుకోలేదు. పట్టించుకున్నది కవులూ, కుర్రవాళ్లూ. యేట్స్ నాటకాలు రాశాడు, లేడీ గ్రెగరీ 1902లో కథలన్నీ ఒకచోట కూర్చింది. ఆ ఊపులో ఐరిష్ పురాగాథలతో నాటకాలు రాసిన బెల్‌ఫాస్ట్ కవి జేమ్స్ కజిన్స్ తర్వాత మన మదనపల్లె దివ్యజ్ఞాన కళాశాలకు వచ్చాడు. 1919లో టాగోర్ జనగణమనను ఇంగ్లిష్‌లోకి మార్చింది కజిన్స్ అతిథిగా ఉన్నప్పుడే.

తర్వాత 1916 తిరుగుబాటుకు నాయకుడైన పాడ్రిక్ పియర్స్ ఇంకా ముందుకు వెళ్లాడు. 1908లో డబ్లిన్‌లో బడి పెట్టి, అందులో బాల కూహులిన్ ఆయుధం పట్టే ఘట్టాన్ని గోడ మీద వేయించాడు. ఆ రోజు ఆయుధం పట్టినవాడికి కీర్తి దక్కుతుంది కానీ ఆయుష్షు తక్కువ అని పురోహితుడు కత్‌బాద్ చెబుతాడు. ఒక పగలు, ఒక రాత్రి బతికినా చాలు, నా పేరు మిగిలితే అంటాడు కుర్రాడు. బడిపిల్లలు రోజూ చూసే చోట అదీ సూక్తి! 1916 ఏప్రిల్ 24న పియర్స్ పోస్టాఫీసు ముందు నిలబడి స్వాతంత్ర్య ప్రకటన చదివాడు. మే 3న బ్రిటిష్ సైన్యం అతన్ని కాల్చి చంపింది. అతని తమ్ముడినీ మర్నాడే చంపారు.

విగ్రహం తిరుగుబాటు కోసం చేసినది కాదు. ఆలివర్ షెపర్డ్ 1911 ప్రాంతంలోనే దాన్ని మలిచాడు. 1935లో అప్పటి ప్రభుత్వాధినేత ఎమన్ డి వలేరా తెచ్చి పోస్టాఫీసులో ఆవిష్కరించాడు. అప్పటి నుంచి అది ప్రభుత్వ వీరుడు. 1966లో తిరుగుబాటు అర్ధశతాబ్ది సందర్భంగా వేసిన పది షిల్లింగుల వెండి నాణేనికి ఒకవైపు పియర్స్, రెండోవైపు కూహులిన్. జనం దాన్ని పెద్దగా వాడలేదు. చాలా నాణేలు వెనక్కి తెప్పించి కరిగించేశారు.

ఉత్తరాన కథ 1970లలో తిరగబడింది. ఇయాన్ ఆడమ్సన్ అనే డాక్టరు 1974లో ఒక సిద్ధాంతం తెచ్చాడు: అల్‌స్టర్ అసలు వాసులు క్రుథిన్ జాతివాళ్లు, గేలిక్ జనం (ఐరిష్ భాష మాట్లాడేవాళ్లు) వాళ్లను స్కాట్లండ్‌కు తరిమింది, కాబట్టి పదిహేడో శతాబ్దంలో అక్కడి నుంచి వచ్చిన ప్రొటెస్టెంట్లు పరాయివాళ్లు కారు, ఇంటికి తిరిగొచ్చినవాళ్లు. చరిత్రకారులు చాలామంది దీన్ని ఒప్పుకోలేదు. కానీ 'దురాక్రమణదారులు' అనే నింద మోస్తున్నవాళ్లకు అది ఎంత ఊరటో ఊహించుకోవచ్చు. దాంతో కూహులిన్ వాళ్ల పూర్వీకుడైపోయాడు. నిజం చెప్పాలంటే కథను అక్షరాలా చదివితే వీళ్ల వాదనే కాస్త దగ్గర: అతను అల్‌స్టర్ కోసం మిగతా ఐర్లాండ్ సైన్యంతోనే పోరాడాడు. అయితే ఆ కథ ఉన్నది ఐరిష్ భాషలో, గోడమీది బొమ్మేమో డబ్లిన్ విగ్రహానికి నకలు.

బ్రిటన్‌తో ఉండిపోయిన ఉత్తర ఐర్లాండ్‌కూ మిగతా ఐర్లాండ్‌కూ మధ్య 1921లో గీసిన సరిహద్దు ఈ లెక్కను ఇంకా చిక్కు చేసింది. అల్‌స్టర్ రాజధాని ఏమిన్ మాఖా, అంటే ఇప్పటి నావన్ కోట, ఆర్మా పక్కన ఉత్తర ఐర్లాండ్‌లో ఉంది. కూహులిన్ సొంతగడ్డ మిర్‌హెమ్నీ, ఆబోతు పుట్టిన కూలీ, ఫెర్‌డియా చనిపోయిన ఆర్డీ రేవు, మూడూ దక్షిణాన లౌత్ కౌంటీలో ఉన్నాయి. ఇప్పటి లెక్కలో లౌత్ అల్‌స్టర్ కూడా కాదు, లెయిన్‌స్టర్ అనే మరో ప్రాంతం. అతను ఒరిగిపోకుండా నిలబడి చావడానికి తనను కట్టేసుకున్న రాయి ఇదేనని అక్కడివాళ్లు చూపించేది కూడా ఆ కౌంటీలోనే, నాక్‌బ్రిడ్జ్ ఊరి దగ్గర ఒక పొలంలో. మూడు మీటర్ల ఎత్తు రాయి అది.