చమురు కొరత నుంచి కార్బన్ పైపులైను దాకా: అమెరికా మొక్కజొన్న ఇథనాల్ కథ

అమెరికాలో పండే మొక్కజొన్నలో మూడో వంతుకు పైగా ఇప్పుడు ఇథనాల్ ఫ్యాక్టరీలకే వెళ్తోంది. అక్కడి బంకుల్లో అమ్మే పెట్రోలులో దాదాపు అంతటా 10 శాతం ఇథనాల్ కలిసి ఉంటుంది. 1970ల మొదట్లో ఈ పరిశ్రమ లేదనే చెప్పాలి. ఒక్కో దశాబ్దంలో ఒక్కో అవసరం చూపించి ప్రభుత్వం దీన్ని చట్టాలతో పెంచి పోషించింది. ఏ జబ్బుకైనా మందు మొక్కజొన్నే అన్నట్టు సాగింది వ్యవహారం. ఇప్పటి తగాదాలన్నిటికీ మూలం అక్కడే ఉందని నా నమ్మకం.

మొదట చూపించిన అవసరం చమురు కొరత. 1973లో అరబ్ దేశాలు చమురు ఆపేయడంతో ధరలు మండిపోయాయి, బంకుల ముందు కార్లు బారులు తీరాయి. 1978లో వచ్చిన ఇంధన పన్ను చట్టం, 10 శాతం ఇథనాల్ కలిపిన పెట్రోలుకు గ్యాలన్‌కు, అంటే సుమారు 3.8 లీటర్లకు, 4 సెంట్ల ఎక్సైజ్ పన్ను ఎత్తేసింది. అంటే గ్యాలన్ ఇథనాల్‌కు 40 సెంట్ల రాయితీ. 1980 జనవరిలో, అఫ్గానిస్థాన్ మీదికి సైన్యాన్ని పంపిన సోవియట్ యూనియన్‌కు ధాన్యం అమ్మకాలను అధ్యక్షుడు జిమ్మీ కార్టర్ నిలిపేశారు. అమ్ముడుపోని పంటకు కొత్త గిరాకీ వెతకాల్సి వచ్చింది. బయటి ఇథనాల్ చౌకగా వచ్చిపడకుండా అదే ఏడాది దిగుమతి సుంకమూ వేశారు. అలా ఇంధన విధానంలోకి వ్యవసాయ రాజకీయం వచ్చి చేరింది. ఆ తర్వాత ఆ రెండూ మళ్లీ విడిపోలేదు.

తర్వాత గాలి కాలుష్యం వంతు వచ్చింది. కాలుష్యం ఎక్కువున్న నగరాల్లో పెట్రోలుకు ఆక్సిజన్ ఉన్న పదార్థం కలపాలని 1990 నాటి స్వచ్ఛ వాయు చట్ట సవరణలు చెప్పాయి. చమురు కంపెనీలు ఎక్కువగా ఎంటీబీఈ అనే రసాయనాన్ని వాడాయి. అది నేల కింది ట్యాంకుల నుంచి కారి భూగర్భ జలంలో కలిసింది. 1996లో కాలిఫోర్నియాలోని శాంటా మోనికా నగరం తన తాగునీటి బావులను మూసుకోవాల్సి వచ్చింది. రాష్ట్రాలు ఒక్కొక్కటిగా ఆ రసాయనాన్ని నిషేధించాయి, దాని చోటు, తనలోనూ ఆక్సిజన్ ఉన్న ఇథనాల్‌కు దక్కింది.

అసలు మలుపు 2005 ఇంధన చట్టం. 2012 నాటికి ఏటా 750 కోట్ల గ్యాలన్ల పునరుత్పాదక ఇంధనం కలిపి తీరాలని అది నిర్బంధం పెట్టింది. రెండేళ్లకే, 2007లో, ఆ లక్ష్యాన్ని 2022కల్లా 3,600 కోట్ల గ్యాలన్లకు పెంచారు. అందులో మొక్కజొన్న వాటా 1,500 కోట్లకు మించకూడదు, మిగతాదాంట్లో ఎక్కువ భాగం గడ్డి, చొప్ప, కర్ర లాంటి పీచు నుంచి రావాలి అన్నారు. ఆ పీచు ఇంధనం లక్ష్యంలో అతి కొద్ది భాగమే వచ్చింది. 2000లో 160 కోట్ల గ్యాలన్లున్న మొక్కజొన్న ఇథనాల్ మాత్రం 2010కల్లా 1,300 కోట్లు దాటేసింది.

ఫ్యాక్టరీలో జరిగే పని చూస్తే లాభనష్టాల లెక్క తేలిగ్గా అర్థమవుతుంది. గింజను పిండి చేసి, నీళ్లు కలిపి ఉడికిస్తారు. ఎంజైములు పిండిపదార్థాన్ని చక్కెరగా మారుస్తాయి. ఈస్ట్ దాన్ని రెండు రోజులకు పైగా పులియబెడుతుంది. తర్వాత మరిగించి ఆల్కహాల్‌ను వేరు చేస్తారు. ఒక బుషెల్ గింజలకు, అంటే 25.4 కిలోలకు, సుమారు 2.8 గ్యాలన్ల ఇథనాల్ వస్తుంది. మాంసకృత్తులు, కొవ్వు, పీచు ఉన్న దాదాపు మూడో వంతు గింజ పశువుల దాణాగా తిరిగి వస్తుంది. కాబట్టి తిండి గింజనంతా తగలబెడుతున్నారనడం న్యాయం కాదు. అలాగని ఇది ఉచితంగా వచ్చే శక్తీ కాదు. ఉడికించడానికి, మరిగించడానికి సహజవాయువు కావాలి. పొలంలో వేసే నత్రజని ఎరువు తయారయ్యేదీ సహజవాయువుతోనే. పైగా గ్యాలన్ ఇథనాల్‌లో ఉండే శక్తి, గ్యాలన్ పెట్రోలులో ఉండేదాంట్లో మూడింట రెండు వంతులే.

రైతుకు మేలు జరిగిందా? జరిగింది, కాదనలేం. 2005లో బుషెల్ 2 డాలర్ల దగ్గర తచ్చాడిన ధర 2008 వేసవిలో 7 డాలర్లు దాటింది. 2012 కరువులో 8 డాలర్లు దాటింది. చమురు ధర, వాతావరణం కూడా అందుకు కారణాలే అయినా ఇథనాల్ గిరాకీ పాత్ర చిన్నది కాదు. మొక్కజొన్న ఎక్కువగా పండే అయోవా, నెబ్రాస్కా రాష్ట్రాల్లో భూముల ధరలు ఎగబాకాయి, చిన్న పట్టణాల్లో ఉద్యోగాలు వచ్చాయి. దాణా కొనుక్కునే కోళ్ల, పశువుల పెంపకందారులు మాత్రం దెబ్బతిన్నారు. 2012లో కొన్ని రాష్ట్రాల గవర్నర్లు ఆ ఏడాదికైనా నిర్బంధం సడలించమని అడిగితే పర్యావరణ పరిరక్షణ సంస్థ ఒప్పుకోలేదు. కరువు నాడు కూడా వెసులుబాటు ఇవ్వని విధానాన్ని సమర్థించడం నాకు కష్టం.

ఇక వాతావరణం. మొక్కజొన్న ఇథనాల్‌కు పెట్రోలు కన్నా కనీసం 20 శాతం తక్కువ కర్బన ఉద్గారాలు ఉండాలని 2007 చట్టం షరతు పెట్టింది. అయితే అప్పటికే నడుస్తున్న, కడుతున్న ఫ్యాక్టరీలకు ఆ షరతు వర్తించదంది. ఉత్పత్తిలో అధిక భాగం ఆ మినహాయింపులోనే ఉండిపోయింది. 2008లో పరిశోధకుడు టిమోథీ సెర్చింగర్ బృందం ఒక కొత్త లెక్క ముందుపెట్టింది. ఒకచోట పంట ఇంధనానికి మళ్లితే, ఆ లోటు తీర్చడానికి మరోచోట గడ్డి భూములు, అడవులు దున్నుతారని, నేలలో దాగిన కర్బనం అప్పుడు బయటికొస్తుందని వాదించింది. 2022లో మరో పరిశోధకుడు టైలర్ లార్క్ బృందం మొక్కజొన్న ఇథనాల్ ఉద్గారాలు పెట్రోలు కన్నా కనీసం 24 శాతం ఎక్కువ ఉండొచ్చని లెక్కగట్టింది. అమెరికా ఇంధన శాఖకు చెందిన ఆర్గాన్ జాతీయ ప్రయోగశాల అంచనాలో అవి 40 శాతానికి పైగా తక్కువ. దున్నిన భూమిని ఎంతగా లెక్కలో వేస్తారన్న దగ్గరే ఈ అంచనాలు ప్రధానంగా వేరుపడతాయి.

నీటి విషయంలో ఇంత సందిగ్ధం లేదు. అయోవా పొలాల కింద నీరు నిలవకుండా బయటికి లాగే గొట్టాలుంటాయి. మొక్క తీసుకోని నత్రజని నైట్రేటుగా మారి, వసంతకాలపు వానలతో పాటు వాటిగుండా వాగుల్లోకి, అక్కడి నుంచి రకూన్, డి మోయిన్ నదుల్లోకి పోతుంది. ఆ నదుల నీళ్లు తాగే డి మోయిన్ నగరం నైట్రేటు తీయడానికే ప్రత్యేక ప్లాంటు నడుపుతోంది. నైట్రేటు రూపంలోని నత్రజని లీటరుకు 10 మిల్లీగ్రాములు దాటితే పసిపిల్లలకు ప్రమాదం. ప్లాంటు మీద భారం తగ్గించడానికి 2025 జూన్‌లో అక్కడి ఇళ్లవారిని పచ్చికకు నీళ్లు పెట్టొద్దన్నారు. మిగిలిన నైట్రేటు మిసిసిపీ గుండా మెక్సికో సింధుశాఖకు చేరి నాచును పెంచుతుంది. అది కుళ్లినప్పుడు నీటిలో ఆక్సిజన్ హరించుకుపోతుంది. 2017లో అలాంటి మృతప్రాంతం 22,700 చదరపు కిలోమీటర్ల మేర పరుచుకుంది. ఇదంతా ఇథనాల్ పాపమే అనలేం, కానీ ఎరువు ఎక్కువగా తాగే పంటను ఇంకా వేయమన్నది మాత్రం ఇథనాల్ కలిపి తీరాలన్న చట్టమే.

అప్పటికి గ్యాలన్‌కు 45 సెంట్లున్న రాయితీ, దిగుమతి సుంకం 2011 చివరికల్లా ముగిసిపోయాయి. కలిపి తీరాలన్న నిర్బంధం మిగిలింది. ఇప్పుడు ఫ్యాక్టరీలు పులియబెట్టేటప్పుడు వచ్చే కార్బన్ డయాక్సైడ్‌ను పట్టి, పైపులైన్లో ఉత్తర డకోటాకు పంపి నేల కింద దాచాలన్న ప్రయత్నంలో ఉన్నాయి. అలా దాచిన టన్నుకు 85 డాలర్ల దాకా పన్ను రాయితీ ఇచ్చేలా 2022లో చట్టం చేశారు. ఆ పైపును తమ పొలాల్లోంచి పోనిచ్చేది లేదని అడ్డం తిరిగినవారిలో మొక్కజొన్న పండించే రైతులూ ఉన్నారు. కార్బన్ పైపులైన్ల కోసం బలవంతంగా భూమి తీసుకోకూడదని దక్షిణ డకోటా 2025లో చట్టం చేసింది.