ఎన్యెయామా నిష్క్రమణ: బెల్జియం శిబిరంలో తెగిన బంధం

2025 నవంబరు 11న మొరాకో రాజధాని రబాత్‌లో నైజీరియా ఫుట్‌బాల్ ఆటగాళ్లు, శిక్షణ సిబ్బంది మైదానంలోకి దిగడానికి నిరాకరించారు. ఏళ్లుగా పేరుకుపోయిన బోనస్ బకాయిలు చెల్లిస్తే తప్ప సాధన చేయబోమని వారు తేల్చి చెప్పారు. మర్నాటికి వివాదం సద్దుమణిగింది, ఆ తర్వాతి రోజు ప్రపంచ కప్ అర్హత ప్లేఆఫ్‌లో గాబన్‌పై 4–1 తేడాతో గెలుపు కూడా దక్కింది. అయితే 16వ తేదీన డీఆర్ కాంగోతో మ్యాచ్ 1–1తో సమమై పెనాల్టీల దాకా వెళ్లగా నైజీరియా 4–3తో ఓడి, 2022 తర్వాత 2026 ప్రపంచ కప్‌కూ దూరమైంది. అప్పటి నుంచి తప్పు ఎవరిదన్న వాదులాట నడుస్తోంది. అందులో పదేళ్ల క్రితమే జట్టును వదిలి వెళ్లిన గోల్‌కీపర్ విన్సెంట్ ఎన్యెయామా పేరు మళ్లీ మళ్లీ వినబడుతోంది.

అతడి తర్వాత అంతటి గోల్‌కీపర్ రాలేదు కాబట్టి అభిమానులు తలుచుకుంటున్నారన్నది అందరూ చెప్పే కారణం. అది అబద్ధమేమీ కాదు, కానీ సగమే నిజం. దేశం తరఫున 101 మ్యాచ్‌లు ఆడిన ఆటగాడు మంచి ఫామ్‌లో ఉండగానే ఎందుకు వెళ్లిపోయాడో చూస్తే రబాత్‌లో జరిగినది కొత్త సంగతిలా అనిపించదు.

2015 అక్టోబరు మొదటి వారంలో నైజీరియా జట్టు డీఆర్ కాంగో, కామెరూన్‌లతో స్నేహపూర్వక మ్యాచ్‌ల కోసం బెల్జియంలో విడిది చేసింది. కోచ్ సండే ఒలిసే బాధ్యతలు తీసుకుని మూడు నెలలే అయింది. ఎన్యెయామా తల్లి మరణించడంతో సెప్టెంబరులో టాంజానియాతో జరిగిన మ్యాచ్‌కు అతడు రాలేదు. అంత్యక్రియల తర్వాత శిబిరానికి చేరుకునేసరికి, తన కెప్టెన్ పట్టీని ఇరవై మూడేళ్లు ఇంకా నిండని అహ్మద్ మూసాకు అప్పగించారని తెలిసింది. తల్లిని పోగొట్టుకున్నప్పుడు నైజీరియా ఫుట్‌బాల్ సమాఖ్య నుంచి గానీ జట్టు యాజమాన్యం నుంచి గానీ తనను పలకరించడానికి ఒక్కరూ రాలేదన్నది ఎన్యెయామా చెప్పుకున్న మొదటి బాధ. పట్టీ విషయం ముందుగా తనతో ఒక్క మాటైనా చెప్పి ఉండాల్సిందన్నది రెండోది. జట్టు సమావేశంలో ఈ మాట ఎత్తినప్పుడు వాగ్వాదం ముదిరిందని, బయటికి వెళ్లకపోతే భద్రతా సిబ్బందిని పిలవాల్సి వస్తుందని కోచ్ తనను హెచ్చరించాడని అతడు ఆరోపించాడు. అక్టోబరు 8న సామాజిక మాధ్యమంలో తన సందేశం పెట్టాడు. కెప్టెన్సీని మూసాకు అధికారికంగా అప్పగిస్తున్నానని, ఇకపై దేశం తరఫున ఆడేందుకు తాను అందుబాటులో ఉండనని అందులో రాశాడు.

కెప్టెన్‌ను ఎంచుకునే హక్కు కోచ్‌కు ఉందని, శిబిరం క్రమశిక్షణకు ఎవరూ అతీతులు కారని ఒలిసే వాదించాడు. ఈ వాదనలో హక్కు గురించి సందేహించేవారు తక్కువ. తల్లిని సాగనంపి వచ్చిన మనిషికి ఆ కబురును ఏ తీరున చేరవేశారన్నదే అప్పుడూ ఇప్పుడూ మిగిలిన ప్రశ్న. ఒలిసే కూడా ఎక్కువ కాలం నిలవలేదు. తన విమర్శకులపై విరుచుకుపడుతూ ఒక వీడియో విడుదల చేసి, తనకూ జీతం బకాయిలున్నాయని వాపోతూ 2016 ఫిబ్రవరిలో రాజీనామా చేశాడు. ఆటగాడి గోడు, కోచ్ గోడు చివరికి ఒకే సమాఖ్య గుమ్మం ముందు కలవడం ఈ కథలోని వింత.

నైజీరియా జట్టులో కెప్టెన్ పట్టీ అంటే టాస్ వేయడం, రిఫరీతో మాట్లాడడం మాత్రమే కాదు. బోనస్ లెక్కలు తేలనప్పుడు సమాఖ్య అధికారుల ముందు కూర్చోవలసినవాడు కూడా జట్టులోని పెద్దే. 2013 జూన్‌లో నమీబియాతో మ్యాచ్ అయ్యాక డబ్బు పేచీ వల్ల జట్టు విమానం ఎక్కలేదు, దాంతో బ్రెజిల్‌లో కాన్ఫెడరేషన్స్ కప్‌కు ఆలస్యంగా చేరింది. 2014 ప్రపంచ కప్‌లో ఫ్రాన్స్‌తో నాకౌట్ మ్యాచ్‌కు కొద్ది రోజుల ముందు ఆటగాళ్లు సాధనకు గైర్హాజరయ్యారు, దేశాధ్యక్షుడు గుడ్‌లక్ జోనాథన్ జోక్యం చేసుకుంటే గానీ పేచీ తీరలేదు. ఆ రెండు సందర్భాల్లోనూ జట్టు పెద్దల్లో ఎన్యెయామా ఒకడు. 2015 జూన్‌లో చాద్‌తో మ్యాచ్‌ను కదూనాలో పెట్టడంపై భద్రతా భయాలను బాహాటంగా వినిపించింది కూడా అతడే. కదూనా అతడు పుట్టిన ఊరే అయినా, ఆ మాటలకు సమాఖ్య అతడి నుంచి సంజాయిషీ కోరింది. నాలుగు నెలలు తిరగకుండానే పట్టీ పోయింది. ఈ రెంటికీ సంబంధం ఉందని ఎవరూ రుజువు చేయలేదు. కానీ నోరు తెరిచి అడిగేవాడు తప్పుకుంటే ఎవరికి ఊరట కలుగుతుందో ఊహించడం కష్టం కాదు.

అప్పటికి అతడి ఆట తగ్గిందనే వాదన మాత్రం నిలబడదు. 2011లో ఫ్రాన్స్‌లోని లీల్ క్లబ్‌లో చేరినప్పుడు మికాయెల్ లాండ్రో వెనుక బెంచీకే పరిమితమయ్యాడు. 2012–13లో మకాబీ టెల్ అవీవ్‌కు అరువుగా వెళ్లి ఇజ్రాయెల్ లీగ్ గెలిచి తిరిగొచ్చాడు. 2013–14 సీజన్‌లో ఫ్రెంచి లీగ్‌లో వరుసగా 1,062 నిమిషాల పాటు ఒక్క గోల్ కూడా ఇవ్వలేదు. 1990లలో బోర్డో కీపర్ గాయెతాన్ యువార్ నెలకొల్పిన 1,176 నిమిషాల రికార్డు అందేంత దూరంలో ఉండగా, 2013 డిసెంబరులో అదే బోర్డో చేతిలో ఆ పరంపర తెగింది. ఆ ఏడాది లీల్ మూడో స్థానంలో నిలిచింది, లీగ్‌లో మేటి ఆఫ్రికన్ ఆటగాడికిచ్చే మార్క్ వివియెన్ ఫో పురస్కారం ఎన్యెయామాకు దక్కింది. దేశానికి దూరమైన తర్వాత కూడా రెండు సీజన్లు లీల్ గోల్ ముందు అతడే నిలిచాడు.

అతడు పొరపాట్లు చేయలేదని కాదు. 2014లో బ్రసీలియాలో ఫ్రాన్స్‌తో మ్యాచ్‌లో అప్పటిదాకా ప్రత్యర్థులను నిలువరించినవాడు, 79వ నిమిషంలో కార్నర్ కిక్‌కు గీత వదిలి ముందుకొచ్చి బంతిని దూరంగా నెట్టలేకపోయాడు. అది పోగ్బా తలకు చిక్కి ఖాళీ గోల్‌లోకి వెళ్లింది. కానీ అదే ప్రపంచ కప్ వేదికపై 2010లో జొహన్నెస్‌బర్గ్‌లో మెస్సీ కొట్టిన బంతులను ఒకదాని వెంట ఒకటి తిప్పికొట్టి, 1–0తో ఓడిన జట్టులో ఉండి కూడా మ్యాన్ ఆఫ్ ద మ్యాచ్ అందుకున్నదీ అతడే.

నైజీరియా గోల్‌కీపర్ల విదేశీ ప్రయాణం స్ట్రైకర్ల ప్రయాణం లాంటిది కాదు. ముందు వరుస కుర్రాళ్లను ఐరోపా క్లబ్బులు చిన్న వయసులోనే ఎగరేసుకుపోతాయి, కీపర్ స్థానం విదేశీయుడికి ఇవ్వడానికి మాత్రం వెనకాడతాయి. అందుకే ఎన్యెయామా తరానికి ఇజ్రాయెల్ దారి చూపింది. 2010 ప్రపంచ కప్ జట్టులోని ముగ్గురు కీపర్లు ఎన్యెయామా, డెలే ఐయెనుగ్బా, ఆస్టిన్ ఎజిడే అందరూ అక్కడి క్లబ్బులవారే. హపోయెల్ టెల్ అవీవ్‌లో పెనాల్టీలు కొట్టే బాధ్యతా ఎన్యెయామాదే, 2010లో ఛాంపియన్స్ లీగ్‌లో ఫ్రెంచి క్లబ్ లియాన్‌పై గోల్ చేసిన కీపర్ అతడు.

ఆ తర్వాతి వరుస అంత నిలకడగా సాగలేదు. ఇంగ్లండ్‌లో పుట్టి అక్కడి వుల్వ్స్ క్లబ్‌కు ఆడిన కార్ల్ ఇకీమే స్థిరపడుతున్న దశలో 2017 జులైలో అతడికి రక్త క్యాన్సర్ ఉన్నట్లు తేలింది. అతడు కోలుకున్నా ఆటకు స్వస్తి చెప్పాడు. కోచ్ గెర్నాట్ రోర్ ఎన్యెయామాను వెనక్కి రప్పించాలని ప్రయత్నించి విఫలమయ్యాక, 2018 ప్రపంచ కప్‌లో పంతొమ్మిదేళ్ల ఫ్రాన్సిస్ ఉజోహోను నిలబెట్టాల్సి వచ్చింది. 2022 జనవరిలో ట్యునీసియా ఆటగాడు మసాక్నీ దూరం నుంచి కొట్టిన షాట్‌ను వదిలేసిన మడూకా ఒకోయే సామాజిక మాధ్యమాల్లో తిట్లు తిన్నాడు. అదే ఏడాది మార్చిలో అబుజాలో ఘనా ఆటగాడు పార్టీ కొట్టిన బంతి ఉజోహో ఒంటి కింద నుంచి లోపలికి జారి, ఆ మ్యాచ్ 1–1గా ముగిసినా, ప్రత్యర్థి మైదానంలో చేసిన గోల్ లెక్కన ఘనా ముందుకెళ్లడంతో ప్రపంచ కప్ చేజారింది. అప్పట్లో దక్షిణాఫ్రికాలోని చిప్పా యునైటెడ్‌కు ఆడుతున్న స్టాన్లీ న్వాబాలి 2024 ఫిబ్రవరిలో ఆఫ్రికా కప్ సెమీఫైనల్‌లో దక్షిణాఫ్రికా పెనాల్టీలు రెండింటిని ఆపిన తర్వాతే గోల్‌పై కాస్త నమ్మకం కుదిరింది.

అందువల్ల రబాత్ ఓటమిని కీపర్ సమస్యగా చూపడం న్యాయం కాదు. ఆ వారంలో వెనక్కి పోయినది సాధన, ముందుకొచ్చినది బకాయిల జాబితా. జట్టు పెద్దగా ఆ రోజుల్లో మాట్లాడిన కెప్టెన్ విలియం ట్రూస్ట్–ఎకాంగ్ డిసెంబరులో అంతర్జాతీయ ఆటకు వీడ్కోలు చెప్పాడు. అది అతడు తనంతట తానుగా, గొడవ లేకుండా తీసుకున్న నిర్ణయం, బకాయిలకు దాన్ని ముడిపెట్టే ఆధారం లేదు. పట్టీ ఇప్పుడు విల్‌ఫ్రెడ్ ఎండిడి చేతికి వచ్చింది. బోనస్‌లు ఏ తేదీలోగా చెల్లిస్తారో టోర్నీకి ముందే రాతపూర్వకంగా తేల్చకపోతే, తర్వాతి పేచీలో అధికారుల ఎదుట కూర్చోవలసింది అతడే.