మడికి ఆకు కొట్టే మచ్చుకత్తి నీడచెట్టు మీదికి ఎలా వచ్చింది

కానగ చెట్టును ఎంత కొట్టినా చిగురిస్తుందని చిత్తూరు పల్లెల్లో రైతులకు కొత్తగా చెప్పక్కర్లేదు. చెరువు కింద వరి నాటే ముందు కానగ మండలు, వేప మండలు కొట్టుకొచ్చి దమ్ములో తొక్కేవాళ్లు. యూరియా బస్తాలు రాకముందు మడికి బలం ఆ ఆకే. మేకల మేతకూ అదే పద్ధతి. గట్టు మీద మాను మిగిలితే చాలు, మళ్లీ గుబురుగా చిగురు రావాలి, మళ్లీ కొట్టాలి. ఆ అవసరానికి అది సరైన పనే. చిగురు ఏడాదికో రెండేళ్లకో కోతకు వస్తుంది కాబట్టి లావెక్కి బరువయ్యే వీలే ఉండదు.

దారి చింతల లెక్క వేరు. వాటిని నాటింది నీడకూ, కాయకూ. కాపును వేలం వేసే చెట్టు మీద మచ్చుకత్తి పెట్టడానికి ఎవరైనా వెనకాడతారు. తర్వాత ఊళ్లలోకి వచ్చిన నిద్రగన్నేరు, తురాయి రెండూ బయటి చెట్లే. మొదటిది అమెరికా ఖండపు వేడి ప్రాంతాలది, రెండోది మడగాస్కర్‌ది. తొందరగా పెరిగి గొడుగు పడతాయి. తిరుపతి లాంటి ఊళ్లో వాటి వరసల మీదుగానే కరెంటు తీగలు లాగారు. తీగకు అడ్డమొచ్చిన కొమ్మ తీయడానికి చేతిలో ఉన్నది మడికి ఆకు కొట్టిన మచ్చుకత్తే, తెలిసిందీ ఆ పద్ధతే. కొమ్మలన్నీ నడిమికి తెగ్గొట్టిన ఇవాళ్టి మొండి చెట్లకు మూలం అక్కడుందని మా అభిప్రాయం.

మొండిగా కొట్టిన చోట నిద్రపోతున్న మొగ్గలు లేచి చీపురులా చిగుళ్లు వేస్తాయి. మామూలు కొమ్మ మొదలు మాను లోపలి పొరల దాకా దిగి ఉంటుంది. ఈ చిగుళ్లు మాత్రం బెరడు కింది పైపొరలనే పట్టుకుని ఉంటాయి. నాలుగైదేళ్లలో అవి చేతిమందం దాటేసరికి కింద కొట్టగా మిగిలిన మొరడు కుళ్లుతూ ఉంటుంది. మన దగ్గర పెద్ద వానలు అక్టోబరు నుంచి డిసెంబరు దాకా పడతాయి. నేల నాని, ఆకు తడిసి బరువెక్కిన రోజున ఆ చిగురుకొమ్మలు మొదలంటా ఊడి పడతాయి. తీగ కోసం కొట్టిన చెట్టే తీగ మీదికి వస్తుంది. వానలను తట్టుకున్నవాటికి ఎండల గండం ఉంది. నీడ పోయిన బెరడు ఏప్రిల్, మే ఎండకు కమిలి చీలుతుంది, ఆ చీలికల్లో తొలుచు పురుగు చేరుతుంది.

దీనికి ఎదురుగా ఇంకో తప్పు ఉంది: కొమ్మను మానుకు ఆనించి నున్నగా కోసి తారు పూయడం. పాశ్చాత్య దేశాల్లోనూ చాలాకాలం ఇదే మంచి పద్ధతి అనుకున్నారు. అమెరికా అటవీ శాఖలో పనిచేసిన అలెక్స్ షైగో వేల మానులను నిలువునా కోసి లోపలి కుళ్లును పరిశీలించారు. ఆ పరిశీలనల సారం 1977లో అచ్చయింది. చెట్టు గాయం మన చర్మంలా మానదు. చెడిన చెక్క చుట్టూ చెట్టు లోపల గోడ కట్టి, దాని మీద కొత్త చెక్క పెంచుకుంటుంది. కొమ్మ పోయిన చోట ఆ గోడకు ఆధారం కొమ్మ మొదట్లో మెడలా ఉబ్బిన చోటు. నున్నగా కోస్తే ఆ మెడే పోతుంది. తారు కుళ్లును ఆపదు, తడిని లోపల బిగించి పెడుతుంది.

అందుకని పెద్ద కొమ్మను మూడు కోతల్లో తీయాలి. మెడకు అడుగు, అడుగున్నర దూరంలో కింది వైపు నుంచి మూడో వంతు లోతు మొదటి కోత. దానికి ఒకటి రెండు అంగుళాలు బయటికి, పైనుంచి రెండోది. కొమ్మ బరువు అక్కడే దిగిపోతుంది, మాను బెరడు చీలికగా లేచి రాదు. మిగిలిన మొరడును మెడకు సరిగ్గా బయట రంపంతో కోయడం మూడోది. మచ్చుకత్తి దెబ్బకు చెక్క పగులుతుంది కాబట్టి ఇక్కడ అది పనికిరాదు. తీగకు అడ్డమైన కొమ్మనైతే మధ్యలో తెంచకుండా, దాని మందంలో కనీసం మూడో వంతు ఉన్న పక్కకొమ్మ దగ్గరికి తగ్గించాలి. ఒక ఏట పచ్చికొమ్మల్లో నాలుగో వంతు మించకూడదు, ముసలి చెట్టుకు పదో వంతే ఎక్కువ. ఎండుకొమ్మలు ఎప్పుడైనా తీయొచ్చు. పచ్చివాటికి సంక్రాంతి తర్వాత, కొత్త చిగురుకు ముందు అదను.

మర్రికి ఒక జాగ్రత్త. బస్సులకు తగులుతున్నాయని ఊడలు కోసేస్తుంటారు. నేలకు దిగిన ఊడ ఆ కొమ్మకు స్తంభం. దాన్ని కోస్తే అంత పొడుగు కొమ్మకు ఆసరా ఉండదు.

2021లో తెలుగు రాష్ట్రాల్లో వేపలు కొనలనుంచి ఎండిపోవడంతో రంపం శుభ్రత సంగతి ముందుకొచ్చింది. ఫోమాప్సిస్ అనే శిలీంధ్రం, దానికి తోడు టీ దోమ అనే రసం పీల్చే పురుగు కారణమని తేలింది. ఎండిన కొమ్మను పచ్చి భాగం కొంత కలిపి కోసి, కాల్చేయాలి. ఒక చెట్టు నుంచి ఇంకో చెట్టుకు పోయేముందు రంపాన్ని స్పిరిట్‌తో తుడవాలి. ఇక్కడ మాత్రం కిలో మైలుతుత్తం, కిలో సున్నం, పది లీటర్ల నీళ్లతో చేసిన బోర్డో పేస్టు గాయానికి రాయడం తగిన పనే.

చట్టం దృష్టి చెట్టు నరకడం మీదే ఎక్కువగా నిలిచింది. నీరు, భూమి, చెట్ల రక్షణకు తెచ్చిన 2002 నాటి వాల్టా చట్టం ప్రకారం చెట్టు నరకాలంటే అనుమతి కావాలి. మానును ఆనించి సిమెంటు వేయడం గురించి జాతీయ హరిత ట్రిబ్యునల్ 2013లో ఢిల్లీ కేసులో చెప్పింది: చుట్టూ మీటరు మేర కాంక్రీటు తీసేయాలని. కొమ్మ ఎలా కోయాలన్నది మాత్రం నిచ్చెన ఎక్కిన కూలీ చేతికే వదిలేశారు.

ఆ చేతి పని ఏళ్ల తర్వాత కూడా మాను మీద కనబడుతుంది. గాయం చుట్టూ కొత్త చెక్క గారెలా గుండ్రంగా మూసుకొస్తుంటే కోత మెడకు బయట పడినట్టు. రెండు పక్కలా మాత్రమే ఉబ్బి పైనా కిందా తెరిచి ఉంటే మెడ తెగినట్టు. నడుమ మొరడు పొడుచుకొచ్చి, దాని మొదట్లో పుట్టగొడుగులు లేస్తుంటే ఆ కుళ్లు లోపలికి ఎంత దిగిందో వానలకు ముందే, సెప్టెంబరులో, చూడాల్సిన చెట్టు అది.