బిషప్ కట్టాడా, కట్టించాడా? ఇంగ్లండ్ కేథడ్రళ్ల చుట్టూ అల్లుకున్న అపోహలు

పాత రాతి గోడలకు మరమ్మతు చేయడం నా వృత్తి. ఇంగ్లండ్‌లో ఆ పని అంటే ఎక్కువగా చర్చి గోడలే. ఊరి నుంచి బంధువులు వచ్చినప్పుడల్లా ఏదో ఒక కేథడ్రల్ చూపించడం, వాళ్లు మెడలు పైకెత్తి "ఇది ఎవరు కట్టారు?" అని అడగడం మామూలే. గోడ మీది పలకలో ఫలానా బిషప్ పేరు ఉంటుంది. తెలుగులో 'కట్టాడు' వేరు, 'కట్టించాడు' వేరు కదా. చాలామంది బిషప్‌ల విషయంలో ఆ రెండో మాట కూడా పూర్తిగా అతకదు.

అపోహ: పెద్ద చర్చి అయితే చాలు, కేథడ్రల్ అన్నట్టే.

పరిమాణంతో పని లేదు. బిషప్ కూర్చునే పీఠం ఎక్కడుంటే అది కేథడ్రల్. లాటిన్‌లో 'కాథెడ్రా' అంటే ఆ కుర్చీయే. మన మెదక్ చర్చినే తీసుకోండి. 1924లో ప్రారంభమైనప్పుడు అది కేథడ్రల్ కాదు, ఎందుకంటే దాన్ని కట్టించిన వెస్లియన్ మెథడిస్టులకు బిషప్‌లే లేరు. 1947లో దక్షిణ ఇండియా సంఘం ఏర్పడి, మెదక్‌కు బిషప్ వచ్చాకే ఆ హోదా దక్కింది. గోడలు అవే, గోపురమూ అదే.

అపోహ: ఖర్చంతా బిషప్ ఖజానాదే.

ఎక్సెటర్ కేథడ్రల్ నిర్మాణ పద్దులు 1279 నుంచి చాలావరకు మిగిలి ఉన్నాయి. నాకు చరిత్ర గ్రంథాలకన్నా అలాంటి లెక్కల చిట్టాలంటేనే ఇష్టం. రాతి పనివాడికి ఎంత, వడ్రంగికి ఎంత, బండ్లకు ఎంత అన్నీ ఉంటాయి. చలికాలంలో పగలు తక్కువ కాబట్టి కూలీ కూడా తక్కువ. జమ వైపు చూస్తే బిషప్ ఇచ్చింది ఒక భాగం. కేథడ్రల్‌ను నడిపే కానన్లు అనే మతాధికారులు తమ రాబడిలోంచి ఇచ్చింది ఇంకో భాగం. ఆపైన భక్తుల కానుకలు. అక్కడి బిషప్ వాల్టర్ స్టేపుల్‌డన్ మాత్రం నిజంగానే ధారాళంగా ఇచ్చాడు. ఆయన హయాంలో చేసిన ఓక్ చెక్క పీఠం ఎత్తు దాదాపు 18 మీటర్లు. ఆయన రెండో ఎడ్వర్డ్ రాజుకు కోశాధికారి కూడా, చివరికి ఆ కొలువే ప్రాణం మీదికి తెచ్చింది. 1326లో లండన్ వీధిలో అల్లరిమూక ఆయన తల నరికింది. ఎక్సెటర్‌లో పని ఆ తర్వాత కూడా దశాబ్దాలపాటు సాగింది.

అపోహ: నమూనా గీసింది బిషప్పే.

లింకన్ బిషప్ హ్యూ స్వయంగా రాళ్లు మోశాడని ఆయన జీవిత చరిత్ర చెబుతుంది. 1185లో భూకంపానికి దెబ్బతిన్న కేథడ్రల్‌ను 1192లో మళ్లీ మొదలుపెట్టించింది ఆయనే. కానీ నిర్మాత పేరు దగ్గర ఆ కాలపు రాతల్లో కనిపించేది జెఫ్రీ డి నోయర్స్. కాంటర్‌బరీలో 1174 అగ్నిప్రమాదం తర్వాత పని చేపట్టిన మేస్త్రీ విలియమ్ ఫ్రాన్స్‌లోని సాన్స్ ఊరివాడు. 1178లో పరంజా మీది నుంచి పడ్డాడు. మంచం మీదే పడుకుని కొన్నాళ్లు పని చెప్పించి, ఇక కుదరక స్వదేశం వెళ్లిపోయాడు.

అపోహ: ఒక్కో కేథడ్రల్‌కు వందల ఏళ్లు పట్టింది.

యార్క్‌కు పట్టింది. సాల్స్‌బరీలో ప్రధాన కట్టడం 1220లో మొదలై 1258కల్లా ప్రతిష్ఠ అయింది. డబ్బు వస్తే గోడ లేచేది, లేకపోతే ఆగేది. అపార్ట్‌మెంటు కట్టుకునేవారికి దీన్ని వివరించనక్కర్లేదు.

అపోహ: ఆనాటి పనితనానికి తిరుగులేదు, అందుకే చెక్కుచెదరలేదు.

నా పనిలో నాకు అన్నిటికన్నా చిరాకు తెప్పించే మాట ఇదే. చెదిరినవి చాలానే. వించెస్టర్ నడిమి గోపురం 1107లో కూలింది. దాని కింద పాపాత్ముడైన రెండో విలియమ్ రాజును పాతిపెట్టడమే కారణమని జనం అన్నారు. ఆయన్ను పాతిపెట్టకపోయినా అది కూలేదే, కట్టిన తీరు అలా ఉంది అన్నట్టు ఆ కాలపు చరిత్రకారుడు మామ్స్‌బరీ విలియమ్ రాశాడు. లింకన్ నడిమి గోపురం పదమూడో శతాబ్దంలో పడింది, ఈలీది 1322లో పడింది. ఈలీలో ఆ ఖాళీ మీద రాతి గోపురం మళ్లీ పెట్టే సాహసం చేయకుండా, ఎనిమిది కోణాల చెక్క కట్టడం నిలబెట్టారు. ఇప్పుడు జనం చూడటానికి వెళ్లేది దాన్నే.

సాల్స్‌బరీ శిఖరం ఎత్తు 123 మీటర్లు, బ్రిటన్‌లో ఏ చర్చి శిఖరమూ అంత ఎత్తు లేదు. మొదట వేసిన స్తంభాల లెక్కలో ఆ బరువు లేదు. శిఖరం తర్వాతి శతాబ్దపు ముచ్చట. కింద నిలబడి చూస్తే స్తంభాలు వంగినట్టు కంటికే తెలుస్తుంది. శిఖరం ఒరిగిందని 1668లో పరిశీలించి చెప్పినవాడు ప్రసిద్ధ వాస్తుశిల్పి క్రిస్టఫర్ రెన్.

వించెస్టర్ తూర్పు వైపు భాగాన్ని బిషప్ గాడ్‌ఫ్రీ డి లూసీ మెత్తటి బురద నేల మీద, బీచ్ చెట్ల దుంగలు పరిచి వేయించాడు. ఏడు వందల ఏళ్లకు అది కుంగి గోడలు బీటలిచ్చాయి. తవ్వితే నీళ్లు ఊరుతున్నాయి, తోడేస్తే కట్టడమే కూలుతుందని భయం. 1906 నుంచి 1911 దాకా విలియమ్ వాకర్ అనే గజ ఈతగాడు బరువైన దుస్తులు తొడుక్కుని, చెయ్యి పెడితే చెయ్యి కనబడని ఆ నీటిలో తడుముకుంటూ సిమెంటు బస్తాలు పేర్చాడు. వించెస్టర్ వెళ్లినప్పుడల్లా నేను ముందు ఆయన విగ్రహం దగ్గరికి వెళ్తాను, బిషప్‌ల సమాధులు తర్వాత.

అపోహ: ఇంతటి గుడి కట్టించినవాడు పుణ్యాత్ముడే అయి ఉంటాడు.

డరమ్ బిషప్ రానుల్ఫ్ ఫ్లాంబార్డ్ రాజు తరఫున పన్నులు పిండడంలో ఆరితేరినవాడు. కొత్తగా వచ్చిన రాజు ఆయన్ను లండన్ టవర్ అనే కోటలో ఖైదు పెట్టించాడు. 1101లో ఫ్లాంబార్డ్ వైన్ పీపాలో దాచి తెప్పించిన తాడు పట్టుకుని, కాపలావాళ్లు తాగి పడుకున్నాక కిటికీలోంచి దిగి పారిపోయాడు. తర్వాత రాజీ కుదిరి డరమ్ తిరిగొచ్చి, 1093లో ఆయనకు ముందున్న బిషప్ మొదలుపెట్టిన కేథడ్రల్‌ను పైకప్పు దాకా తెచ్చాడు. కానుకలు ఎక్కువ వచ్చినప్పుడు పని జోరుగా, తగ్గినప్పుడు మందంగా సాగిందని అక్కడి సన్యాసులే రాసుకున్నారు. 1128లో ఆయన చనిపోయాక ఐదేళ్లు డరమ్‌కు బిషప్ లేడు. ప్రపంచమంతా వచ్చి చూసే ఆ రాతి పైకప్పును సన్యాసులు ముగించింది ఆ ఐదేళ్లలోనే.