పరీక్ష మిస్సయింది, కేసు వేస్తే రాయనిస్తారా? అపోహలు - వాస్తవాలు

సర్వీస్ కేసులు, అంటే ప్రభుత్వ ఉద్యోగాల వివాదాలు చూసే లాయర్‌ని. నియామక పరీక్షలు ఎక్కువగా ఆదివారాలే కాబట్టి ఆ రోజు మధ్యాహ్నం నుంచి ఫోన్ మోగుతూనే ఉంటుంది. "సార్, గేటు మూసేశారు. రిట్ వేస్తే మళ్లీ పెడతారు కదా?" రిట్ అంటే ప్రభుత్వ సంస్థ చేసిన తప్పు మీద హైకోర్టులో వేసే పిటిషన్. వాళ్ల ఏడుపు నిజమే. ఆ 'పెడతారు కదా' మాత్రం ఎవరో చెప్పగా విన్నది.

అపోహ: కారణం బలమైనదైతే కోర్టు మళ్లీ పరీక్ష పెట్టిస్తుంది.

వాస్తవం: పరీక్ష తప్పిపోవడానికి తప్పు ఎవరిదని కోర్టు ముందుగా అడుగుతుంది. బస్సు చెడిపోయింది, జ్వరం వచ్చింది, ఇంట్లో చావు జరిగింది. అన్నీ నిజమే కావచ్చు, కానీ వీటిలో బోర్డు చేసిన తప్పేముంది? పైగా మీ ఒక్కరికే ఇంకో ప్రశ్నపత్రం ఇస్తే ఆ మార్కులను మిగతావాళ్ల మార్కులతో ఎలా పోలుస్తారు? సమానత్వం, ప్రభుత్వ ఉద్యోగాల్లో సమాన అవకాశం ఇచ్చే రాజ్యాంగంలోని 14, 16 అధికరణాలు మీకెంత అండో, వేళకు వచ్చి రాసినవాళ్లకూ అంతే. 2020 అక్టోబరులో కరోనా మధ్యనే సివిల్స్ ప్రిలిమ్స్ రాసి చివరి అటెంప్ట్ అయిపోయినవాళ్లు ఇంకొక్క ఛాన్స్ అడిగితే, 2021 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు కాదంది. దేశమంతా పడిన కష్టానికే ఆ జవాబు వచ్చాక, టైరు పంక్చర్ గురించి నేనేం వాదించను?

తప్పు అటువైపుదైతే కథ వేరు. ఫీజు తీసుకుని హాల్‌టికెట్ ఇవ్వకపోయినా, హాల్‌టికెట్ మీద సెంటర్ చిరునామా తప్పుగా అచ్చయినా, సెంటర్ మార్చి ఆ సంగతి చెప్పకపోయినా కేసులో బలం ఉంటుంది. అయితే కాగితం కావాలి. గేటు దగ్గర గొడవపడ్డ వీడియో కన్నా, అదే రోజు హెల్ప్‌డెస్క్‌కి పెట్టిన రెండు లైన్ల మెయిల్ నాకు ఎక్కువ పనికొస్తుంది.

దేహదారుఢ్య పరీక్ష సంగతి కొంచెం వేరు. అక్కడ ఎవరి పరుగు వాళ్లదే, ఇంకో రోజు పరిగెత్తించినా పోలిక చెడదు. గర్భిణిగా ఉన్నందున ఆ పరీక్ష వాయిదా వేయమని అడిగిన అభ్యర్థిని రైల్వే రక్షణ దళం కాదంటే, 2024లో ఢిల్లీ హైకోర్టు గట్టిగా తప్పుబట్టింది. ఇలాంటి కేసు వస్తే నేను వెంటనే ఒప్పుకుంటాను.

అపోహ: ఫలితాలు వచ్చాక తీరిగ్గా వేయొచ్చు.

వాస్తవం: రిట్‌కు ఇన్ని రోజులని చట్టంలో గడువు లేదు, నిజమే. కానీ ఆలస్యం ఎందుకైందో చెప్పలేకపోతే జడ్జిగారు ఫైలు పక్కన పెట్టేస్తారు. ఫలితాలు వచ్చాక ఎంపికైనవాళ్లను కూడా పార్టీలుగా చేర్చాల్సి వస్తుంది, వాళ్లూ లాయర్లను పెట్టుకుంటారు. హాల్‌టికెట్ రాకపోతే పరీక్షకు ముందే రండి. అర్జెంటు కేసును అదే రోజు భోజన విరామం తర్వాత వినే లంచ్ మోషన్ ఉంది, సెలవు రోజైతే జడ్జిగారి ఇంటి దగ్గరే వినమని అడిగే హౌస్ మోషన్ ఉంది. శనివారం రాత్రి పది గంటలకు వచ్చి "రేపే పరీక్ష" అంటే మాత్రం నాకే చెమటలు పడతాయి.

అపోహ: కోర్టు ఆర్డర్‌తో పరీక్ష రాశాను, ఇక ఉద్యోగం ఖాయం.

వాస్తవం: అది మధ్యంతర ఉత్తర్వు. తుది తీర్పుకు లోబడి రాయనిచ్చారంతే. చాలాసార్లు ఫలితం సీల్డ్ కవర్‌లోనే ఉంటుంది. రిట్ కొట్టేస్తే రాసిన పరీక్ష కూడా పోయినట్టే. అంతెందుకు, మామూలుగా రాసి జాబితాలోకి ఎక్కినవాళ్లకే నియామకం తిరుగులేని హక్కు కాదని 1991లో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. ఈ మాట చెబితే కొందరు నా మీద అలుగుతారు.

అపోహ: ఏ ఉద్యోగమైనా నేరుగా హైకోర్టుకే.

వాస్తవం: చాలా కేంద్ర ప్రభుత్వ పోస్టులకు ముందు క్యాట్‌కు, అంటే ఉద్యోగ వివాదాలు వినే కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్‌కు వెళ్లాలి, తర్వాతే హైకోర్టు. 1997 నుంచి ఇదే పద్ధతి. క్యాట్‌లో మామూలుగా ఏడాది గడువు ఉంటుంది. రెండు తెలుగు రాష్ట్రాల ప్రభుత్వ పోస్టులకైతే ఇప్పుడు ట్రిబ్యునల్ లేదు, హైకోర్టే.

అపోహ: ఫీజు కట్టాం కాబట్టి కన్జ్యూమర్ కోర్టుకు వెళ్లొచ్చు.

వాస్తవం: పరీక్ష పెట్టే బోర్డు సేవలు అమ్మడం లేదు, రాసేవాడు వినియోగదారుడు కాడని 2009లో ఒక స్కూల్ బోర్డు కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. రైలు లేటైతే మాత్రం వేరు. నాలుగు గంటలు ఆలస్యమై విమానం తప్పిపోయిన ప్రయాణికుడికి రైల్వే 30,000 రూపాయలు కట్టాలన్న ఆదేశాన్ని 2021లో అదే కోర్టు సమర్థించింది. అందుకే రైలు లేటై పరీక్ష పోయిందని ఎవరైనా ఫోన్ చేస్తే, నేను ముందు అడిగేది టికెట్ దాచారా అని.